ఫుకుషిమా చేపల పులుసు

ప్రశ్న: మా అమ్మాయి యొకోహామాలో ఉంటోంది, ఇప్పుడు ఏడో నెల. పురిటికి నేను వెళ్తున్నాను. ఫుకుషిమా అణుకేంద్రం నీళ్లను సముద్రంలోకి వదులుతున్నారని, అక్కడి చేప ముట్టుకోవద్దని మా మరిది ఒకటే పోరు. అమ్మాయికేమో చేపల పులుసంటే ప్రాణం. వండిపెట్టవచ్చా? ఉడికిస్తే ఆ దోషం పోతుందా?
– ఒక పాఠకురాలు, విజయనగరం

జవాబు: నిశ్చింతగా వండండమ్మా. ఉడికిస్తే పోతుందనుకోవడం మాత్రం భ్రమ. అణు ప్రమాదంలో బయటపడ్డ సీజియం అనే రేడియోధార్మిక పదార్థం ఉంటే గింటే కొంత పులుసులోకి దిగుతుంది; ఆ పులుసును మనం వదిలిపెట్టేవాళ్లమా!

మీ మరిదిగారు భయపడాల్సిన కాలం 2011 మార్చిలో సునామీ వల్ల ఆ అణుకేంద్రంలో జరిగిన ప్రమాదం తరువాతి రెండు మూడేళ్లు. అప్పుడు సముద్రంలో కలిసిన సీజియం ఒంట్లో పొటాషియంలాగే నడుచుకుంటుంది కనుక నేరుగా కండలోకి, అంటే మనం తినే ముక్కలోకి చేరింది. కొంత అడుగు బురదకు అంటుకుంది. ఆ బురద తినే పురుగులు, వాటిని తినే అడుగు చేపలు... అందుకే పైపైన తిరిగే చేపలు త్వరగా తేరుకున్నా అడుగున ఉండేవాటికి ఏళ్లు పట్టింది. 2012లో ఆ తీరంలో పట్టిన గ్రీన్‌లింగ్ చేపల్లో కిలోకు, రేడియోధార్మికతను కొలిచే లెక్కలో, 25,800 బెకరెల్‌ల సీజియం తేలింది. జపాన్‌లో అమ్మకానికి హద్దు 100. 2023 మేలో కూడా అణుకేంద్రం రేవులోపల పట్టిన ఒక రాక్‌ఫిష్‌లో 18,000 ఉంది. ఆ రేవు చేపలు బజారుకు రావు. బయటకు ఈదిపోకుండా వలలు కట్టారు.

2023 ఆగస్టు నుంచి వదులుతున్న శుద్ధి చేసిన నీళ్లలో ప్రధానంగా మిగిలేది ట్రిటియం, అంటే నీటిలోనే భాగమై ఉండే రేడియోధార్మిక హైడ్రోజన్. లీటరుకు 1,500 బెకరెల్‌ల లోపుకు పలచన చేసి వదులుతారు. అది నీటితోపాటే చేప ఒంట్లోంచి వెళ్లిపోతుంది.

సముద్రపు చేప ఉప్పునీళ్లు తాగి, ఎక్కువైన ఉప్పును మొప్పల ద్వారా నెట్టేస్తుంటుంది. సీజియాన్నీ అలాగే వదిలించుకుంటుంది. మంచినీటి చేప ఉప్పును దాచుకుంటుంది. కనుక ఫుకుషిమా కొండవాగుల్లో ఎవరో గాలం వేసి పట్టి ఇచ్చిన చేపనైతే నేను తీసుకోను.

మీ అమ్మాయి విషయంలో కనిపెట్టి చూడవలసింది పాదరసం. ఒక చేపను మరొకటి తినేకొద్దీ పెరుగుతూ బ్లూఫిన్ ట్యూనా, స్వోర్డ్‌ఫిష్ వంటి పెద్ద చేపల్లో పోగుపడుతుంది. గర్భిణులు వీటిని పరిమితంగా తినాలని జపాన్ ఆరోగ్యశాఖే చెబుతోంది. సార్డిన్, కానాగంతల జాతి చిన్న చేపలు అక్కడ కావలసినన్ని దొరుకుతాయి. వాటితో పెట్టండి పులుసు. చింతపండు మాత్రం ఇక్కడి నుంచే పట్టుకెళ్లండి.