జర్మనీలో సినిమా సంగీతం చదువుతానంటున్న బాబు గురించి

ప్రశ్న: మా బాబు ఇంటర్ సెకండియర్, ఎంపీసీ. కీబోర్డ్ బాగా వాయిస్తాడు. ఆస్కార్ తెచ్చుకున్న ఒక జర్మన్ సంగీత దర్శకుడిలా అవుతానంటాడు, బీటెక్ వద్దట, జర్మనీ పంపమంటున్నాడు. ఇంట్లో రోజూ గొడవే. ఏం చేయమంటారు? – ఒక తల్లి, వరంగల్

జవాబు: అమ్మా, ముందు టెన్షన్ పడకండి. బాబు చెప్తున్నది ఫోల్కర్ బెర్టెల్‌మాన్ గురించే అయ్యుంటుంది. 2023లో మన 'నాటు నాటు' పాటకి ఆస్కార్ వచ్చిన రోజే నేపథ్య సంగీతానికి ఆస్కార్ అందుకున్నది ఆయనే, 'ఆల్ క్వైట్ ఆన్ ది వెస్టర్న్ ఫ్రంట్' సినిమాకి. ఆ సినిమాకి ఆయన వాడింది వాళ్ల ముత్తవ్వ హార్మోనియం. మన పద్య నాటకాల హార్మోనీ పెట్టెకి చుట్టమే అనుకోండి. దాన్ని బాగు చేయించి, తిత్తుల గాలి, చెక్క కిర్రుమనే చప్పుడు కూడా వినపడేలా మైకులు పెట్టి, మూడే మూడు స్వరాలతో యుద్ధం తాలూకు భయం మొత్తం పలికించాడు. బాబు మనసు పారేసుకున్నాడంటే తప్పు పట్టలేను.

కానీ ఆయన వెనకున్న ఏళ్లు కూడా బాబుకి తెలియాలి. పుట్టింది 1966లో. పియానో నేర్చుకున్నాడు, వైద్యం చదువుతూ మానేశాడు, ర్యాప్ బ్యాండ్‌లో పనిచేశాడు, ఆ తర్వాత పియానో తీగల మీద రకరకాల వస్తువులు పెట్టి వాయిస్తూ హౌష్కా పేరుతో ఆల్బమ్‌లు తెచ్చాడు. 'లయన్' సినిమాకి ఇంకొకరితో కలిసి చేసిన సంగీతానికి మొదటి ఆస్కార్ నామినేషన్ వచ్చేసరికి యాభై నిండాయి. ఆస్కార్ తెచ్చిన సినిమా దర్శకుడు ఎడ్వర్డ్ బెర్గర్‌తో 2018లోనే ఒక టీవీ సిరీస్‌కి పనిచేశాడు. ఈ రంగంలో పని ఎక్కువగా అలాగే వస్తుంది, ఒకసారి కలిసి చేసిన దర్శకుడు మళ్లీ పిలుస్తాడు.

ఇక చదువు. పోట్స్‌డామ్‌లోని బాబెల్స్‌బెర్గ్ ఫిల్మ్ యూనివర్సిటీలో సినిమా సంగీతం ఉన్నది మాస్టర్స్‌లో, కాబట్టి ఇంటర్ అవగానే విమానం ఎక్కే పని లేదు. మార్కుల కన్నా ముందు బాబు స్వయంగా చేసిన సంగీతం చూస్తారు, జర్మన్ భాష కూడా గట్టిగా రావాలి. వీసాకి బ్లాక్‌డ్ అకౌంట్‌లో, అంటే ముందే డబ్బు వేసి నెలనెలా కొంత మాత్రమే తీసుకోగలిగే ఖాతాలో, ఏడాది ఖర్చు చూపించాలి, 2024 సెప్టెంబరు నుంచి అది 11,904 యూరోలు. సంపాదన మొదట్లో చిన్న టీవీ ఎపిసోడ్లు, డాక్యుమెంటరీలు, ప్రకటనలతోనే. టీవీలో తమ సంగీతం ప్రసారమైతే రావాల్సిన రాయల్టీని అక్కడ గెమా అనే సంస్థ వసూలు చేసి సభ్యులకు పంచుతుంది, చాలామందికి అదే ఊపిరి.

నా మాట వింటే డిగ్రీ తప్పకుండా చేయించండి, కానీ బీటెక్కే అని పట్టుబట్టకండి. సంగీతంలో డిగ్రీ అయితే దారి ఇంకా దగ్గర. పరీక్షలయ్యాక ఎడిటింగ్ పూర్తయిన ఒక మూడు నిమిషాల షార్ట్ ఫిల్మ్ ఎవరి దగ్గరైనా తీసుకుని సంగీతం చేయమనండి, తీసినవాళ్లు "ఇది కాదు, ఆ అమ్మాయి తలుపు తీశాక మొదలుపెట్టు" అంటే అయిదుసార్లయినా మార్చమనండి. విసుక్కోకుండా ఆరోసారి కూడా కూర్చుంటే నాకు మళ్లీ రాయండి, జర్మన్ క్లాసులు ఎప్పుడు మొదలుపెట్టాలో అప్పుడు మాట్లాడుకుందాం.