పొదుపు పెరిగిందా, చోటు మారిందా?

చిరంజీవికి ఆశీస్సులు.

జనాభాలో వృద్ధుల వాటా పెరిగే కొద్దీ పన్నులు పొదుపును, పెట్టుబడిని ఎటు నడిపిస్తాయో నివేదిక రాస్తున్నావని తెలిసి సంతోషించాను. పన్ను మినహాయింపు ఇవ్వగానే పదవీ విరమణ ఖాతాలు నిండాయని ఎవరైనా లెక్కలు చూపిస్తే వెంటనే నమ్మకు. ఆ సొమ్ము అంతకుముందు ఎక్కడుందో ఆరా తియ్యి. డెన్మార్క్ పన్ను రికార్డుల ఆధారంగా 2014లో వెలువడిన అధ్యయనం చదువు. దాదాపు 85 శాతం మంది పన్ను రాయితీలకు స్పందించనే లేదు. స్పందించిన కొద్దిమందీ చాలావరకు పాత పొదుపునే కొత్త ఖాతాలోకి మళ్లించారు. జీతంలోంచి నేరుగా మినహాయించి జమ చేసే పద్ధతే మొత్తం పొదుపును నిజంగా పెంచింది.

తర్వాత ద్రవ్యోల్బణం. దీన్ని చాలామంది వదిలేస్తారు, అది నాకు బాధ కలిగిస్తుంది. డిపాజిట్‌పై వడ్డీ 5 శాతం, ధరల పెరుగుదల 3 శాతం అనుకో. అసలు లాభం 2 శాతమే. పన్ను మాత్రం మొత్తం 5 శాతం మీద పడుతుంది. పన్ను రేటు 20 శాతమైతే 1 శాతం పోతుంది, అంటే లాభంలో సగం. వడ్డీ మీదే బతికే పెద్దవాళ్లకు ఇది ఎంత భారమో ఆలోచించు. ఈ లెక్కను నివేదికలో విడమరచి చూపించు.

వినియోగ పన్ను, అంటే వస్తువులు, సేవలు కొన్నప్పుడు కట్టే పన్ను దగ్గర మరింత జాగ్రత్త అవసరం. జపాన్ 1989లో 3 శాతంతో మొదలుపెట్టి, 2019 నాటికి 10 శాతానికి చేర్చింది. పనిచేసేవాళ్లు తగ్గిపోతున్నప్పుడు విశ్రాంతి జీవితంలో ఉన్నవారి నుంచి కూడా రాబడి వస్తుంది, పొదుపుకు శిక్షా ఉండదు. నిజమే. కానీ జీవితమంతా ఆదాయ పన్ను కట్టి మిగిల్చుకున్న తరం, ఆ డబ్బు ఖర్చు పెట్టేటప్పుడు మళ్లీ కడుతుంది. పన్ను పెంపును క్రమంగా, ముందే చెప్పి అమలు చేయాలనే నేనంటాను. అయితే ముందే తెలిస్తే జనం పెంపుకు ముందు కొనుగోళ్లు చేసేస్తారు, తర్వాత అమ్మకాలు పడిపోతాయి. 1997లో, 2014లో జపాన్ పన్ను పెంచినప్పుడు జరిగింది అదే. కాబట్టి ఒక్క ఏడాది గణాంకాలతో తీర్పు చెప్పకు.

పెట్టుబడుల విషయంలో వారసత్వ నిబంధనలూ చూడు. అమెరికాలో యజమాని చనిపోయి షేర్లు వారసుడికి దక్కితే, కొనుగోలు విలువను యజమాని చనిపోయిన రోజు ధరకు మార్చి లెక్కిస్తారు, కాబట్టి అప్పటిదాకా పెరిగిన లాభంపై పన్ను పడదు. అందుకే పెద్ద లాభంలో ఉన్న షేర్లను వృద్ధులు అమ్మడానికి వెనకాడతారు.

ముసాయిదాలో వయసులవారీ పట్టికను మొదటి పేజీల్లోనే పెట్టి పంపు, చదివి చెబుతాను.