బిల్లు బకాయి: ముందు ఎం-బుక్ చూడండి

ఉప్పల్‌లో డ్రైనేజీ కాంట్రాక్టు పని ముగించి రెండేళ్లు దాటినా బిల్లు రాలేదని, అడిగినప్పుడల్లా ఇంజనీరుగారు "నిధులు రాగానే" అంటున్నారని రాశారు. ఆ నోటిమాట కోర్టులో చెల్లదండీ. ఇలాంటి దావాకు గడువు సాధారణంగా మూడేళ్లే. ఆలోగా బాకీని ఒప్పుకుంటూ శాఖ సంతకంతో లేఖ ఇస్తే, ఆ తేదీ నుంచి గడువు మళ్లీ మొదలవుతుంది. కాబట్టి నోటితో కాదు, కాగితంతో అడగండి. అందినట్లు ఇన్వార్డు ముద్ర వేయించుకోండి.

అసలు ప్రాణమంతా ఎం-బుక్‌లో, అంటే చేసిన పని కొలతలు రాసే శాఖ పుస్తకంలో ఉంది. కొలతల కింద సంతకాలు పడ్డాయా, తుది బిల్లు పాసైందా? సమాచార హక్కు చట్టం కింద పది రూపాయల రుసుముతో నకలు అడగండి. బాకీ వాళ్లే ఒప్పుకున్నట్లు అందులో తేలితే చెల్లించమని శాఖను ఆదేశించాలంటూ హైకోర్టులో రిట్ పిటిషన్ వేయవచ్చు. కొలతల్లోనే పేచీ ఉంటే రిట్ దండగ, సివిల్ దావాయే దారి.

ప్రభుత్వ శాఖపై దావాకు ముందు సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 నోటీసిచ్చి రెండు నెలలు ఆగాలి. భయపడకండి, ఆ రెండు నెలలు గడువులో లెక్కకు రావు. అగ్రిమెంటులో ఆర్బిట్రేషన్ షరతు (పేచీని కోర్టులో కాక మధ్యవర్తి దగ్గర తేల్చుకోవాలనే షరతు) ఉందేమో వకీలుకు ముందే చూపించండి. చాలామంది అదొక్కటే చదవరు!