తంగేడుపువ్వును ముందు విప్పి చూడండి

నమస్కారం. మీ వ్యాసం అందింది. బతుకమ్మ కోసం తంగేడు కొమ్మలు విరిచే ఉదయాన్ని బాగా రాశారు. అయితే, ‘చిక్కుడు కుటుంబానికి చెందినది కనుక తంగేడుపువ్వు సీతాకోకచిలుక ఆకారంలో ఉంటుంది’ అన్న వాక్యం నాకు కోపం తెప్పించింది. తంగేడుపువ్వు అలా ఉండదు. చేతిలో ఉన్న పువ్వును వదిలి, కుటుంబ లక్షణాల పట్టికను నమ్మి రాసిన వాక్యం అది. కుటుంబం పేరు పువ్వును పరిశీలించి చేరవలసిన నిర్ణయమే తప్ప, ఆ పేరును బట్టి పువ్వును ఊహించుకోకూడదు.

ఒక మొగ్గనూ, విచ్చిన పువ్వునూ బ్లేడుతో విప్పండి. చిక్కుడు మొగ్గలో ధ్వజమనే పెద్ద రేకు మిగతా నాలుగింటినీ వెలుపలి నుంచి కప్పి ఉంటుంది. తంగేడు మొగ్గలో అదే స్థానంలోని రేకు అన్నిటికన్నా లోపల ఉంటుంది. చిక్కుడు పది కేసరాలలో తొమ్మిదింటి కాడలు కలిసిపోయి ఒకటి విడిగా ఉండగా, తంగేడులో పదీ విడివిడిగా ఉండి, పైనున్న మూడు పుప్పొడినివ్వని వంధ్యకేసరాలుగా మిగిలిపోతాయి. తంగేడులో మకరందం లేదు. గండుతుమ్మెద పుప్పొడి కోసమే వచ్చి, పువ్వును పట్టుకొని ఝుమ్మని కంపిస్తూ పరాగకోశాల కొనల నుంచి దానిని రాల్చుకొంటుంది. ఇక అండాశయాన్ని నిలువుగా కోయండి. రెండింటిలోనూ అండాలను మోసే దళం, అంటే ఫలదళం, ఒకటే ఉండి, దాని ఒక అంచు వెంబడి వరుసగా అండాలు కనిపిస్తాయి. రేకులు దాచిన బంధుత్వం అక్కడ బయటపడుతుంది.

1753లో స్వీడన్ వృక్షశాస్త్రవేత్త లిన్నేయస్ ప్రధానంగా కేసరాల సంఖ్యనూ, అమరికనూ బట్టి తరగతులు ఏర్పరచినందువల్ల తంగేడు, చిక్కుడు, తుమ్మ మూడు వేర్వేరు తరగతులలో పడ్డాయి. 1862–1883 మధ్య వెలువడిన గ్రంథంలో ఇంగ్లండు వృక్షశాస్త్రవేత్తలు బెంథామ్, హుకర్‌లు అనేక లక్షణాలను కలిపి చూసి, మూడింటినీ లెగ్యుమినోసి, అంటే చిక్కుడు కుటుంబం, అనే ఒకే కుటుంబంలో ఉంచారు. తరువాత కొందరు వాటిని మూడు కుటుంబాలుగా విడదీశారు. 2017 నాటి వర్గీకరణ, డీఎన్ఏ ఆధారంతో, తుమ్మను తంగేడు ఉన్న ఉపకుటుంబంలోనే కలిపింది. పుస్తకాలలో పేర్లు ఇన్నిసార్లు మారినా, మీరు విప్పి చూసి రాసిన పువ్వు వర్ణన చెల్లకుండా పోదు.

నేను రాయడం మొదలుపెట్టిన రోజులలో మా ఊళ్ళో భూతద్దం దొరికేది కాదు. గడియారాలు బాగుచేసే పెద్దాయన కంటికి పెట్టుకొనే అద్దాన్ని ఆదివారాలు అరువడిగి తెచ్చుకొని, అండాశయాలు కోసి చూసేవాణ్ణి. అలా రాసిన వ్యాసంలో పుష్పనిర్మాణం గురించిన భాగాన్ని ఒక సంపాదకుడు పూర్తిగా కొట్టివేసి, ‘దీని ఔషధగుణాలు రాయండి, పాఠకులకు అదే కావాలి’ అన్నాడు. ఏ మొక్కను గురించి రాసినా అది ఏ రోగానికి మందో చెప్పమనే ఈ అలవాటు తెలుగులో వృక్షశాస్త్ర రచనకు ఎంతో చేటు చేసింది. మీ వ్యాసం చివర మధుమేహాన్ని గురించి చేర్చిన పేరా కూడా ఆ ఒత్తిడితో వచ్చినదేనని నా అనుమానం. దానిని తీసివేయండి.

ఏ పత్రికకు పంపాలని అడిగారు. ఆ సంగతి ఇప్పుడు వద్దు. తుమ్మచెట్టు పూసినప్పుడు దాని పసుపుపచ్చని పూబంతి నుంచి ఒక్క పువ్వును సూదితో విడదీసి, రేకుల అంచులు ఒకదానినొకటి కప్పుతున్నాయో, కేవలం తాకుతున్నాయో చూడండి. చూసినది చూసినట్లు రాసి, తంగేడు, చిక్కుడుల వర్ణనతో కలిపి నాకు మళ్ళీ పంపండి.