అమ్మలూ, ఆ జాబితాలో సగం కొట్టేయ్

అమ్మలూ,

మీ పెరూ ప్రయాణానికి నువ్వు పంపిన టూరు కాగితం చూశాను. ఒక్క రోజులో పిసాక్, ఒయాంతాయ్‌తాంబో, మొరాయ్, మారాస్ ఉప్పు మడులు, చించెరో. అన్నీ కుస్కో నగరం దగ్గర, స్పెయిన్‌వాళ్లు రాకముందు ఏలిన ఇంకా రాజుల నాటి చోట్లు. మధ్యలో భోజనం, చీకటి పడేలోగా కుస్కో. ప్రైవేటు కారు, మీకోసమే ఒక గైడు. చదవడానికి ముచ్చటగానే ఉంది. సరిగ్గా ఇలాంటి కాగితమే పట్టుకుని నేనూ వెళ్లాను. ఐదింటిలో చూసింది మూడు, అందులో ఒకటి కారు అద్దంలోంచి. చివరగా చించెరో చేరేసరికి మీ పెద్దమ్మ తల పట్టుకుని వెనక సీట్లో వాలిపోయింది. నేను ప్లాస్టిక్ సంచి విప్పి పట్టుకుని పక్కన కూర్చున్నాను. గైడు తప్పేం లేదు, డ్రైవరు తప్పూ లేదు. విమానం దిగిన మర్నాడే తిరిగేయాలని పట్టుబట్టింది నేనే. మీ అమ్మానాన్నలను తీసుకెళ్తున్నావు కాబట్టి ఇంత పొడుగు ఉత్తరం రాస్తున్నాను, విసుక్కోకుండా చదువు.

ముందు ఎత్తు సంగతి. కుస్కో సుమారు 3,400 మీటర్ల ఎత్తులో ఉంది. మన హార్సిలీ కొండలు 1,300 కూడా లేవు, అక్కడికే మీ నాన్న స్వెట్టరు వేసుకుంటాడు. లిమాలో సముద్రం పక్కన విమానం ఎక్కితే గంటన్నర తిరక్కుండా ఆ ఎత్తున దింపేస్తారు. ఒంటికి సర్దుకునే వ్యవధి ఉండదు. తలపోటు, ఆయాసం, వాంతులు, నిద్ర పట్టకపోవడం, ఇవన్నీ కలిపి అక్కడివాళ్లు సొరోచే అంటారు. వయసుతో, బలంతో దానికి సంబంధం లేదు. మా బండి పక్కనే పాతికేళ్ల కుర్రాడొకడు రోడ్డు గట్టున కూలబడి ఉన్నాడు.

దీనికి విరుగుడు చాలా సులువు, కానీ ఎక్కువమంది చెయ్యరు. కుస్కో విమానాశ్రయం నుంచి ఊళ్లోకి వెళ్లకుండా తిన్నగా ఉరుబాంబా లోయలోకి దిగిపోండి. ఒయాంతాయ్‌తాంబో 2,800 మీటర్ల దగ్గర ఉంటుంది. ఆరు వందల మీటర్లు తక్కువంటే ఊపిరికి బోలెడు తేడా. రెండు రాత్రులు అక్కడ పడుకోండి, మొదటి రోజు ఏమీ పెట్టుకోవద్దు. నీ ప్రైవేటు టూరు మూడో రోజున, ఆ లోయలోంచే మొదలవ్వాలి. బుక్ చేసేటప్పుడు "కుస్కో హోటలు నుంచి పికప్" అని రాసి ఉంటే, లోయలోని హోటలుకే రమ్మని అడుగు. చించెరో 3,750 దాకా ఉంటుంది, మొరాయ్ దాదాపు 3,500. అవి తర్వాత. మాచు పిచ్చు అన్నింటికంటే పైన ఉంటుందని అందరూ అనుకుంటారు గానీ అది 2,430 మీటర్లే, కుస్కో కంటే బాగా కింద.

మీ నాన్న బీపీ మాత్రల సంగతి బయల్దేరే ముందే డాక్టరుతో మాట్లాడు. ఎత్తుకు ఎసిటజోలమైడ్ అని ఒక మాత్ర ఇస్తారు, సల్ఫా మందులు పడనివాళ్లు ఆ మాట ముందే చెప్పాలి. నా మాట విని నువ్వే కొనివ్వొద్దు. ఇంకోటి, మీ నాన్న మొండివాడు, ఆయాసం వచ్చినా చెప్పడు. నడుస్తూ నడుస్తూ ఫోటో తీసే వంకతో ఆగాడంటే అదే గుర్తు, చిన్నప్పటి నుంచీ నాకు తెలుసు. ఊరికే కూర్చున్నా ఆయాసపడుతున్నా, మాట తడబడుతున్నా ఇంకేమీ ఆలోచించకుండా కిందికి దింపి డాక్టరుకు చూపించాలి.

హోటల్లో అడుగుపెట్టగానే కోకా ఆకుల టీ ఇస్తారు. అక్కడ అది మన మజ్జిగ లాంటిది, చట్టబద్ధమే, తాగొచ్చు. కానీ ఆ ఆకులు గానీ టీ పొట్లాలు గానీ అమెరికాకు మోసుకెళ్లకు, అక్కడ నిషేధం. నీ ఆఫీసులో డ్రగ్ టెస్టులు ఉంటే అసలు తాగకు, పరీక్షలో బయటపడుతుంది. మున్యా అని మరో ఆకుతోనూ టీ కాస్తారు, పుదీనా వాసన వస్తుంది. నాకు అదే నచ్చింది.

ఇక టూరు. బస్సులో అయితే ఒక్కొక్కరికి అయ్యేది తక్కువే, ప్రైవేటు కారుకు దానికి కొన్ని రెట్లు అవుతుంది. ఆ ఎక్కువ డబ్బు దేనికి ఇస్తున్నావో తెలుసుకో. కారుకు కాదు, గైడు ఇంగ్లీషుకు కాదు. "ఇక్కడ ఇంకో అరగంట కూర్చుంటాం" అనడానికి, "అది వద్దు, వెనక్కి పోదాం" అనడానికి. బస్సులో ఆ రెండు మాటలూ చెల్లవు. అంత డబ్బు పోసి మళ్లీ బస్సు జాబితానే పట్టుకుని పరుగెత్తడం ఏం తెలివి? పరుగెత్తి పాలు తాగేకంటే నిలబడి నీళ్లు తాగమని మా అమ్మ, అంటే మీ నాయనమ్మ, ఊరికే అనేది కాదు. రోజుకు రెండు చోట్లు. మూడోది మీ అమ్మకు ఓపిక ఉంటేనే.

కుస్కో నుంచి వచ్చే బస్సులు పొద్దున్నే పిసాక్‌లో ఆగి, మధ్యాహ్నం తర్వాత ఒయాంతాయ్‌తాంబో చేరతాయి. మీరు దాన్ని తిరగేయండి. లోయలోనే ఉంటారు కాబట్టి పొద్దున ఏడింటికి గేటు తెరిచేసరికే ఒయాంతాయ్‌తాంబోలో ఉండండి. ఎదురుగా కొండ వాలంతా అంతస్తులంతస్తులుగా మడులు, మధ్యలో నిటారుగా మెట్లు. మీ నాన్న మోకాళ్లకు నెమ్మదిగా ఎక్కితే పర్వాలేదు, దిగడమే కష్టం. చాలాచోట్ల పట్టుకోవడానికి కడ్డీలు ఉండవు. ఎక్కలేకపోతే దిగులు పడొద్దు, సగంలో ఒక మడి మీద కూర్చుంటే ఎదుటి పింకుయ్యునా కొండకు అతుక్కున్నట్టు కట్టిన ధాన్యం కొట్లు కనిపిస్తాయి. గాలి బాగా తగిలే చోట గాదెలు కట్టారు, గింజ చెడకుండా.

పైకి వెళ్లగలిగితే అక్కడ ఆరు పెద్ద బండలు వరసగా నిలబెట్టి ఉంటాయి, లేత గులాబీ రంగు రాయి. ఆ రాయి ఆ కొండది కాదు. నది అవతల కాచికాతా అనే గని నుంచి కిందికి దించి, నది దాటించి, మళ్లీ పైకి లాగారు. కట్టిన ఇంకాలకు ఇనుము లేదు, బండి చక్రం లేదు, గుర్రం లేదు. ఉన్న లామా, ఒంటె జాతి జంతువు, పాతిక, ముప్పై కిలోలకు మించి మోయదు. అంటే లాగినదంతా మనుషులే, తాళ్లతో. దారి మధ్యలో వదిలేసిన బండలు ఇప్పటికీ ఉన్నాయి, వాటిని అలిసిపోయిన రాళ్లు అంటారు. ఆ పేరు విన్న దగ్గర్నుంచి మీ పెద్దమ్మ మెట్టుమెట్టుకూ "నేనూ అలిసిపోయిన రాయినే" అంటూ కూర్చుంది.

గ్రహాంతరవాసులు వచ్చి కట్టారని గైడు మొదలుపెడితే నవ్వి ఊరుకో. జాన్‌పియర్ ప్రోట్‌జెన్ అనే ఆర్కిటెక్టు ఈ ఊరి కట్టడాల మీద ఏళ్ల తరబడి పనిచేశాడు. గట్టి గులకరాయితో కొట్టి కొట్టి రాయిని నునుపు చేసి, రెండు రాళ్లు అతికేలా తానే చేసి చూపించాడు. ఓపిక ఉంటే చాలన్నమాట. గోడల్లో కొన్ని రాళ్ల మీద గుంటలు గుంటలుగా దెబ్బలు కనిపిస్తాయి, వేలు పెట్టి తడమకు, కళ్లతో చూడు.

ఇక్కడే 1537లో మాంకో ఇంకా అనే రాజు స్పానిష్ సైన్యాన్ని వెనక్కి తరిమాడు. ఎలాగనుకున్నావ్? కింద మైదానంలోకి నీళ్లు వదిలాడు. గుర్రాలు బురదలో దిగబడ్డాయి. ముప్పై ఏళ్లు హెచ్చెల్సీ, అంటే తుంగభద్ర ఎగువ కాలువ, గట్ల మీద తిరిగినవాణ్ణి, గండి పడితే నిద్రపోనివాణ్ణి, ఆ కథ వినగానే లేచి చప్పట్లు కొట్టాలనిపించింది. అంతకు ఐదేళ్ల ముందే, 1532లో, కజమార్కా అనే ఊళ్లో ఇంకా రాజు అటాహువాల్పాను స్పెయిన్‌వాళ్లు పట్టుకున్నారు. మన కృష్ణదేవరాయలు పోయింది 1529లో. రెండూ ఒకే కాలం కథలని అక్కడ నిలబడేదాకా నాకు తట్టనే లేదు.

గైడును ఎలా ఎంచుకోవాలని అడిగావు. అధికారిక కార్డు ఉందా, ఏ ఊరివాడు, ఇంట్లో అక్కడి పాత భాష కెచువా మాట్లాడతారా, ఇవి అడుగు. ఆ తర్వాత నా ప్రశ్న ఒకటి అడుగు: "ఇక్కడికి నీళ్లు ఎక్కణ్ణుంచి వచ్చేవి, ఎటు పోయేవి?" రాజుల పేర్లు, యుద్ధాల తేదీలు ఎవరైనా బట్టీ పట్టి చెప్తారు. నీళ్ల దారి చెప్పగలిగినవాడు మాత్రం ఆ కొండ మీద నడిచినవాడు. మాకు దొరికినాయన ఈ మాట వినగానే దారి మళ్లించి, గడ్డి పక్కకు నెట్టి రాతి కాలువ చూపించాడు, అప్పటికి నీళ్లు పారుతూనే ఉన్నాయి. ఇంకో గుర్తు, మంచి గైడు "ఇది ఎవరికీ తెలియదు" అని మొహమాటం లేకుండా అంటాడు. ఇంకాలకు మనలాగా రాత లేదు, ముడులు వేసిన తాళ్లతో లెక్కలు ఉంచుకున్నారు. అన్నీ తెలుసన్నవాడు కల్పించి చెప్తున్నాడనే.

బుక్ చేసేటప్పుడే "దుకాణాలకు వద్దు" అని రాతలో పెట్టు. వెండి నగల కొట్టు, అల్పాకా ఉన్ని కొట్టు అంటూ చెరో ముక్కాలుగంట తినేస్తారు. చించెరోలో ఆడవాళ్లు నేత చూపించే చోటు మాత్రం వేరు. ఒక చిన్న పురుగును అరచేతిలో నలిపి ఎర్ర రంగు తీస్తారు, నిమ్మరసం పిండితే రంగు మారిపోతుంది. మీ అమ్మకు చీరల రంగుల పిచ్చి కదా, అక్కడ తొందరపెట్టకు.

మధ్యాహ్నం పిసాక్. పై గేటు దాకా కారు వెళ్తుంది, అక్కడ దిగి చూసి మళ్లీ అక్కడికే రండి. కింది ఊరి దాకా మెట్ల మీద దిగుదామని కుర్ర గైడు ఉత్సాహపడతాడు, ఒప్పుకోకు. ఎదుటి కొండ చరియ నిండా బొరియలు కనిపిస్తాయి, అవి సమాధులు, దొంగలు ఎప్పుడో తవ్వేశారు. మడుల గోడలు కొద్దిగా లోపలికి వాలి ఉంటాయి, గమనించు. గోడలోంచి బయటికి పొడుచుకొచ్చిన రాళ్లే మెట్లు, ఒక మడి నుంచి ఇంకో మడికి ఎక్కడానికి. పంట నేల ఒక్క అంగుళం కూడా మెట్లకు పోనివ్వలేదు మహానుభావులు.

మొరాయ్, మారాస్ ఇంకో రోజుకు. మొరాయ్‌లో గుండ్రటి మడులు గిన్నెలో గిన్నె పెట్టినట్టు దిగుతాయి, పైనుంచి చూస్తే చాలు. మారాస్‌లో కొండలోంచి ఉప్పు ఊట వస్తుంది, దాన్ని వేల మడుల్లోకి పారించి ఆరబెడతారు, ఇప్పటికీ అక్కడి కుటుంబాలవే.

టికెట్ల గొడవ ఒకటుంది. పిసాక్, ఒయాంతాయ్‌తాంబో, చించెరో, మొరాయ్ నాలుగింటికీ కలిపి ఒకటే టికెట్, నేను వెళ్లినప్పుడు 70 సోల్‌లు (అక్కడి డబ్బు), రెండు రోజులు చెల్లుతుంది. కుస్కో చుట్టుపక్కలవీ కలిపి పెద్దది 130, పది రోజులు. మారాస్‌కు, కుస్కోలో కొరికాంచా అనే సూర్యుడి గుడికి విడిగా కట్టాలి. టూరు ధరలో ఇవి ఉన్నాయో లేదో ముందే తేల్చుకో. చిల్లర సోల్‌లు జేబులో ఉంచుకో, మరుగుదొడ్డికీ డబ్బులే.

కుస్కోకు ఎక్కాక అందరూ ఊరి పైనున్న సక్సాయ్‌వామాన్ కోటకు వెళ్తారు, మీరూ వెళ్లండి, వంద టన్నులు దాటిన బండలున్నాయంటారు, చూడాల్సిందే. కానీ నా మాట విని ఒక పూట టిపోన్‌కు ఉంచు, అదీ ఇంకాల కట్టడమే. ఊరికి ఆగ్నేయంగా పాతిక కిలోమీటర్లు. జనం ఉండరు. పెద్ద పెద్ద మడులు, రాతి కాలువలు, ఊటనీరు నాలుగు ధారలుగా విడిపోయి సమంగా పడుతూ ఉంటుంది. సిమెంటు లేదు, తూము తలుపు లేదు, ఐదారు వందల ఏళ్లుగా పారుతోంది. మేం కాలువలకు వేసిన లైనింగులు రెండు వానాకాలాలకే ఊడిపోయేవి, ఎందుకులే ఆ సంగతి. పెద్ద టికెట్‌లో టిపోన్ కలిసే ఉంటుంది.

తిండికి భయం లేదు. "సోయ్ వెహెతారియానా" అని నువ్వూ, "వెహెతారియానో" అని మీ నాన్నా అనండి, శాకాహారిని అని అర్థం. అది చాలదు, "సిన్ కార్నే, సిన్ పోయో, సిన్ పెస్కాదో", అంటే మాంసం, కోడి, చేప లేకుండా అని కూడా చెప్పాలి, లేకపోతే కూరగాయల సూపులో కోడి నీళ్లు పోస్తారు. టిపోన్ ఊళ్లో కూయి వంట ప్రసిద్ధి. అదేమిటని మీ అమ్మ అడిగితే చెప్పకు, బుజ్జి ఎలుకలాంటి జంతువు. కీన్వా సూపు, జున్నుతో ఇచ్చే పెద్ద గింజల మొక్కజొన్న, రకరకాల బంగాళదుంపలు కడుపు నింపుతాయి. రాత్రి తక్కువ తినండి, ఆ ఎత్తున అరగదు. బంగాళదుంపకు అదే పుట్టిల్లు. మన అనంతపురం బతికిన వేరుశనగ కూడా దక్షిణ అమెరికాదే, తెలుసా?

మే నుంచి సెప్టెంబరు లోపు వెళ్లు, జనవరి, ఫిబ్రవరి వానల్లో వద్దు. మిట్టమధ్యాహ్నం ఎండ చురుక్కుమంటుంది, పొద్దు వాలగానే వణుకు పుడుతుంది. టోపీ, పల్చటి చొక్కా మీద స్వెట్టరు, దాని మీద జాకెట్టు. మీ అమ్మ చెప్పులతో వస్తానంటే ఒప్పుకోకు.

నాకేమీ తేవొద్దు. టిపోన్‌లో ఆ నాలుగు ధారలు విడిపోయే చోట కాలువ అడుగు కనిపించేలా ఒక ఫోటో తీసి పంపు. నేను తీసినవాటన్నిటిలో మీ పెద్దమ్మ గొడుగే ఉంది.

ఇట్లు
పెదనాన్న