గ్రేడియెంట్ సరిగ్గా వచ్చినా జవాబు తప్పెందుకు?

ప్రశ్న: ఎఫ్ = ఎక్స్²·వై. (1, 2) దగ్గర (3, 4) దిశలో డైరెక్షనల్ డెరివేటివ్ (ఆ దిశలో కదిలితే ఎఫ్ మారే రేటు) నాకు 16 వచ్చింది. పుస్తకంలో 16/5 ఉంది. ఎక్కడ తప్పాను?
– డిగ్రీ విద్యార్థిని, కావలి

జవాబు: గ్రేడియెంట్ (ఎక్స్‌తో, వైతో ఎఫ్ విడివిడిగా మారే రేట్ల జంట) సరిగ్గానే తీశారమ్మా: (2·ఎక్స్·వై, ఎక్స్²), అంటే (4, 1). డాట్ ప్రొడక్ట్‌కు (రెండు జంటల్లోని అంకెలను వరసగా గుణించి కూడడానికి) ముందు దిశను దాని పొడవు 5తో భాగించి యూనిట్ వెక్టర్, అంటే పొడవు 1 ఉన్న (3/5, 4/5) చేయలేదు, అంతే. మార్కులు పోయేది సాధారణంగా ఇక్కడే. 16 అసాధ్యమని చూడగానే పట్టేయొచ్చు: ఏ దిశలోనైనా విలువ గ్రేడియెంట్ పొడవును, అంటే √17ని (సుమారు 4.12) దాటదు. ఆ గరిష్ఠం (4, 1) వైపే. దానికి లంబంగా (1, −4) వైపయితే సున్నా.

ఇంకో మాట. ఎఫ్‌ను ఉదయగిరి కొండ ఎత్తు అనుకుంటే, గ్రేడియెంట్ బాణం గాల్లోకి లేవదు. మ్యాప్ కాగితం మీదే ఉండి, కాంటూర్ గీతకు (ఒకే ఎత్తున్న చోట్లను కలిపే గీతకు) లంబంగా, బాగా ఏటవాలుగా ఎక్కే వైపు చూపిస్తుంది.