తొలకరికి ముందు: చెరువు కప్పలను గుర్తుపట్టడం గురించి ఒక ఉత్తరం

నాయనా,

ఆశీస్సులు. ఈ వానాకాలం మీ ఊరి చెరువు, దాని కింద మడులు తిరిగి కప్పల జాబితా రాస్తానన్నావు. చాలా సంతోషం. ముందుగా ఒక్క మాట. రంగును నమ్మకు. ఒకే జాతి కప్ప ఒకటి బురదరంగులో ఉంటుంది, ఇంకొకటి పచ్చగా ఉంటుంది. వీపు మధ్య లేత గీత ఒకదానికి ఉంటుంది, దాని తోడబుట్టిన దానికే ఉండదు. ఏ నీళ్లలో ఉంది, ఎక్కడ కూర్చుని ఎలా అరుస్తోంది, వెనక పాదం ఎలా ఉంది, ఈ మూడూ చూశాకే రంగు రాసుకో.

నీళ్లతో మొదలుపెట్టు. వేసవిలోనూ ఎండని చెరువు, బావి, కాలువ మడుగు ఒక రకం. తొలకరికి నిండి, వానలు ఆగాక ఇంకిపోయే గుంట, మడి, రోడ్డు పక్క పల్లం ఇంకో రకం. ఈ రెండింటి కాపురస్తులు చాలావరకు వేరు.

ఎండని నీళ్లలో నీకు మొదట దొరికేది యూఫ్లిక్టిస్ సయనోఫ్లిక్టిస్ (ఇలాంటివన్నీ కప్పల శాస్త్రీయ నామాలు), లేదా దాని దగ్గరి చుట్టం. నువ్వు గట్టు మీద అడుగు పెట్టగానే, పెంకు విసిరితే నీళ్ల మీద ఎగిరెగిరి పోయినట్టు, మునగకుండా తప్పతప్పమని దూకుతూ పోతుంది. రెండున్నర అంగుళాలకు మించదు. కళ్లు నెత్తి మీదికి ఉబ్బి ఉంటాయి కాబట్టి ఒళ్లంతా నీళ్లలో దాచి కళ్లు మాత్రం పైకి పెట్టి తేలుతుంది. పగలూ అరుస్తుంది, ఏడాదిలో చాలా నెలలు గుడ్లు పెడుతుంది. జనవరిలో దాని గొంతు వినపడితే తప్పు విన్నానేమో అనుకోకు.

కలువలు, తామరలు ఉన్న చెరువైతే ఆకుల మీద పెద్ద పచ్చ కప్ప కోసం చూడు. అది యూఫ్లిక్టిస్ హెక్సాడాక్టిలస్. ఐదంగుళాల దాకా పెరుగుతుంది. పెద్దయ్యాక నీటిమొక్కల ఆకులు, పూలు కూడా తింటుంది. కప్పల్లో ఇది అరుదైన అలవాటు. దీన్ని బోదురు కప్ప అని రాసేవాళ్లు చాలామంది. వీపు చూస్తే చాలు: దీనిది నున్నగా ఉంటుంది, బోదురు కప్ప వీపు మీద నిలువుగా చర్మపు మడతలు వరసగా ఉంటాయి.

ఇక తొలకరి నీళ్లు. బోదురు కప్ప, అంటే హాప్లోబట్రాకస్ టైగరినస్, మొదటి పెద్ద వానకు బయటికొస్తుంది. మగవి నిమ్మపండు రంగుకు మారి, దవడల కింద రెండు వైపులా నీలి సంచులు ఊదుతూ లోతైన ముక్కుగొంతుతో అరుస్తాయి. ఈ వేషం కొద్ది రోజులే. ఆ మొదటి రెండు మూడు రాత్రులు తప్పిపోతే మళ్లీ ఏడాది ఆగాలి. అందుకే మృగశిర కార్తెకు ముందే లైటు, బూట్లు, పుస్తకం సిద్ధంగా పెట్టుకో.

దీనికి పొట్టి, బొద్దు తమ్ముడు ఉన్నాడు, హాప్లోబట్రాకస్ క్రాసస్. ఇక్కడే పాదం పనికొస్తుంది. టైగరినస్ వెనకపాదంలో వేళ్ల మధ్య తోలు దాదాపు వేలికొసల దాకా ఉంటుంది. క్రాసస్‌కు అంతదాకా రాదు, పైగా మడమ వైపు, లోపలి వేలి మొదట్లో పారలాంటి గట్టి బొడిపె ఉంటుంది. దానితోనే మట్టి తవ్వుకుని వెనక్కి వెనక్కి దిగిపోతుంది. ఆ బొడిపె కనపడే ఫొటో లేకపోతే రెంటిలో ఏదని తేల్చకు, ‘బోదురు కప్ప’ అని ఆపెయ్.

ఇలాంటి పారే స్ఫెరోథీకా అనే గుండ్రటి, పొట్టికాళ్ల కప్పకూ ఉంటుంది. ఇసుక నేలల్లో ఎక్కువ. ఉబ్బిన బుడగలాంటి యూపెరొడాన్ అనే కప్పతో దీన్ని కలిపేస్తారు. నోరు చూడు. యూపెరొడాన్ నోరు చిన్నది, కంటి వెనక గుండ్రటి చెవిపొర పైకి కనపడదు. స్ఫెరోథీకా నోరు మామూలు కప్ప నోరే.

వరి మడుల్లో అసలు చిక్కు మినర్వార్యా గుంపుతో. అంగుళంన్నర, రెండంగుళాల కప్పలు, గట్టు పొడవునా వందలు. కీచురాయిలా గబగబా అరుస్తాయి. పొట్ట పక్కన సన్నటి గీత, మగవాటి గొంతు కింద ఆంగ్ల అక్షరం డబ్ల్యూ ఆకారంలో నల్ల మచ్చ ఉంటే గుంపు ఇదేనని నమ్మవచ్చు. జాతి మాత్రం కంటితో తేలదు. ఒకే మడిలో రెండు మూడు జాతులు ఉండొచ్చు, వాటిని విడదీయడానికి అరుపు రికార్డింగు కావాలి. జాబితాలో ‘మినర్వార్యా, జాతి తెలియదు’ అని రాయడానికి సిగ్గుపడకు. ఊహించి రాసిన పేరు తర్వాత చూసేవాళ్లందరినీ తప్పుదారి పట్టిస్తుంది. బోదురు కప్ప పిల్లలు కూడా ఈ సైజులోనే గట్ల మీద తిరుగుతాయి. వాటి వేళ్ల మధ్య తోలు నిండుగా ఉంటుంది, వీటికి సగమే.

అన్నిటికన్నా చిన్నది మైక్రోహైలా. ముప్పాతిక అంగుళం నుంచి అంగుళం, కోసు మూతి, వీపు మీద మొదట్లో సన్నగా ఉండి కిందికి వెడల్పయ్యే గోధుమ రంగు బొమ్మ. దువ్వెన పళ్ల మీద గోరు గీసినట్టు అరుస్తుంది. ఆ చప్పుడు వింటే పిడికెడు కప్ప అనుకుంటావు. గడ్డిపరక మొదట్లో, నీటి అంచున, ముందుకాళ్లు నిటారుగా పెట్టి కూర్చుని ఉంటుంది. గొంతు సంచి ఊదినప్పుడు తల కన్నా పెద్దదవుతుంది, లైటు పడితే ఆ సంచి లోంచి వెలుగు కనిపిస్తుంది. అరుపు ఆగగానే సంచి ముడుచుకుని, అక్కడ కప్ప ఉందన్న ఆనవాలే ఉండదు.

దాన్ని ఇద్దరుంటేనే పట్టుకోగలరు, అంటే కంటితో. లైట్లు ఆర్పి నాలుగైదు అడుగుల ఎడంగా నిలబడి, ఒకే అరుపు వైపు ఇద్దరూ వేలు చూపండి. రెండు చూపులూ కలిసేచోట నిదానంగా లైటు వెయ్యండి. ఒక్కడివే తిరిగితే చప్పుడుకు మూడు అడుగుల అవతల వెతుకుతూ ఉంటావు.

గోండ్రు కప్ప గురించి ఎక్కువ చెప్పక్కర్లేదు. బొబ్బల ఒళ్లు, కంటి చుట్టూ నల్లటి గట్లు, మెడ మీద ఉబ్బిన విషగ్రంథులు. దూరంగా మోటారు ఆడినట్టు ఆగకుండా సాగే అరుపు. గోడ మీదో కొమ్మ మీదో ‘టక్, టక్’ అని కొయ్య తట్టినట్టు వినిపిస్తే పాలిపెడేట్స్ మాక్యులేటస్, చెట్టు కప్ప. వేలికొసలకు గుండ్రటి బిళ్లలుంటాయి.

అరుపు రికార్డు చేసే పద్ధతి చెబుతాను. చీకటి పడ్డ అరగంట నుంచి పది గంటల దాకా మంచి వేళ. చోటికి చేరగానే అన్నీ నోరు మూసుకుంటాయి. లైటు ఆర్పి ఐదు నిమిషాలు కదలకు, మళ్లీ మొదలుపెడతాయి. ఫోను ఒక్క కప్పకు ఐదారు అడుగుల దూరంలో పెట్టి కనీసం ఒక నిమిషం తీయి. రికార్డరులో నాయిస్ తగ్గించే సెట్టింగు ఆపెయ్, అది కప్ప గొంతునే రొద అనుకుని కోసేస్తుంది. వేవ్ ఫైలుగా దాచుకో, వాట్సాప్ వాయిస్ మెసేజ్‌గా పంపితే శబ్దం నలిగిపోతుంది. తేదీ, గంట, గాలి ఉష్ణోగ్రత, నీటి లోతు నోటితో చెప్పి అదే రికార్డింగులో కలుపు. ఉష్ణోగ్రత ఎందుకంటే, చల్లబడ్డ రాత్రి అదే కప్ప నిదానంగా అరుస్తుంది. అది తెలియకపోతే వేరే జాతి అనుకుంటావు.

లెక్క కూడా తేలికే. గొంతులు విడివిడిగా లెక్కపెట్టగలిగితే 1 అని రాసుకో, ఒకదాని మీద ఒకటి పడుతున్నా లెక్క అందితే 2, అంతా ఒకటే హోరైతే 3. గుర్తుంచుకో, నీకు వినిపించేవి మగవి మాత్రమే.

మర్నాడు పొద్దున్నే మళ్లీ వెళ్లు. రాత్రి కనపడనిది గుడ్లు చెబుతాయి. జిగురు దారంలో నల్లపూసలు గుచ్చినట్టు గడ్డి చుట్టూ మెలికలు తిరిగి ఉంటే గోండ్రు కప్పవి. నీటి పైన ఒకే పొరగా పరుచుకుని తేలితే మైక్రోహైలావో యూపెరొడాన్‌వో. నీటికి పైన ఆకుకో తొట్టి గోడకో తెల్లటి నురగ ముద్ద అంటుకుని ఉంటే చెట్టు కప్పది. తోకకప్పలు అందులోంచి కింద నీళ్లలోకి జారిపడతాయి. తోకకప్పల్లో నల్లటి మందలుగా తిరిగేవి గోండ్రు కప్పవి, గాజులా పారదర్శకంగా మధ్య నీటిలో కదలకుండా వేలాడేవి మైక్రోహైలావి, పక్కవాటిని కొరికి తినేవి బోదురు కప్పవి. కాబట్టి పోలిక కోసమని అన్నీ ఒకే సీసాలో వేయకు, గంట తర్వాత ఒక్కటే మిగులుతుంది.

కప్పను చేత్తో పట్టకు. దాని చర్మం ఊపిరి కూడా తీసుకుంటుంది. మన చేతికున్న దోమల మందు, సబ్బు దానికి విషం. పైగా బోదురు కప్పలకు 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం రక్షణ ఉంది. ఒకప్పుడు కాళ్ల కోసం లక్షలుగా పట్టేవాళ్లు, 1987లో దేశం ఆ ఎగుమతినే ఆపేసింది. పాదం ఫొటో కావాలంటే తేలుతున్న కప్ప వెనక వైపు నుంచి తీయి. తేలేటప్పుడు కాళ్లు బారచాపి వేళ్లు విప్పి ఉంచుతుంది. పక్కనుంచి ఒకటి, వీపు ఒకటి, వెనకపాదం ఒకటి, మొత్తం మూడు ఫొటోలు. పక్కన ఆరంగుళాల స్కేలు పెట్టగలిగితే మరీ మంచిది.

మోకాటి దాకా రబ్బరు బూట్లు, చేతిలో కర్ర తప్పనిసరి. కప్పలున్న చోటికి నీరుకట్టె వస్తుంది, అది విషం లేనిదే. కానీ అదే గట్టు మీద కట్లపాము, నాగుపాము, రక్తపింజర కూడా తిరుగుతాయి. చూడకుండా గడ్డిలో చేయి పెట్టకు. ఒక చెరువు నుంచి ఇంకో చెరువుకు పోయే ముందు బూట్ల బురద కడిగి ఎండలో పూర్తిగా ఆరబెట్టు. కైట్రిడ్ అనే బూజు తడి బురదతో కూడా ఒకచోటి నుంచి ఇంకోచోటికి పోయి కప్పల్ని చంపుతుంది.

మొదటి వానకు ఒక్క గుంటే ఎంచుకో. వారం రోజులు అదే గుంటకు, అదే వేళకు వెళ్లు. రికార్డింగులు నాకు పంపు, మెయిల్లో, వేవ్ ఫైళ్లుగానే.

నీ శ్రేయోభిలాషి,
పెదనాన్న